కవి పఠాభి చలనచిత్ర సాధన

అండమాను నికోబారు ద్వీపములలో తెలుగు మాటాడువారు తక్కువవారు కారు. 2011 జనాభా లెక్కల ప్రకారము ఇచటి జనులలో నూటికి సుమారు 13 మందికి తెలుగు మాతృభాష. అయినను కేవలము తెలుగుతో ఇచట దినము గడవదు. కచేరీలో హిందీ, ఇంగ్లీషు. బజారున బెంగాలీ, తమిళము. ప్రక్క వాటాలో మలయాళము. ఇట్టిచోట పిల్లలను పెంచు తల్లిదండ్రులకు తరచుగా ఒక సందేహము కలుగుచుండును. పరభాషలో చదివి, పరభాషలో పనిచేసి, పరభాషలో పేరు తెచ్చుకొనువాడు తెలుగువాడుగా మిగులునా? అతని కృషి తెలుగుజాతికి లాభమా, నష్టమా?

ఈ ప్రశ్నకు సిద్ధాంతములకంటె ఒక మనుజుని చరిత్రము మేలైన సమాధానము చెప్పగలదు. నెల్లూరులో జన్మించి, తెలుగు కవిత్వమున సంచలనము కలిగించి, మద్రాసులో తెలుగు చిత్రములు నిర్మించి, తుదకు కన్నడ చిత్రముతో భారతీయ చలనచిత్ర చరిత్రలో నిలిచిన తిక్కవరపు పట్టాభిరామరెడ్డి జీవితమే ఆ చరిత్రము. సాహిత్యలోకము ఆయనను 'పఠాభి' యని ఎరుగును.

పఠాభి 1919 ఫిబ్రవరి 19వ తేదీన కలిగిన కుటుంబమున జన్మించెను. శాంతినికేతన వాసము, అటుపిమ్మట న్యూయార్కు నగరమందలి కొలంబియా విశ్వవిద్యాలయ విద్య ఆయన దృష్టిని విశాలము చేసినవి. 1939లో 'ఫిడేలు రాగాల డజన్' అను చిన్న కావ్యము వెలువడెను. దానికి పరిచయ వాక్యములు వ్రాసినవాడు శ్రీశ్రీ. ఆ పేరులోనే తగవు కలదు. వీణకు బదులు ఫిడేలు; ద్వాదశికి బదులు డజను. పూలతోటలు, వెన్నెలలు, ఊహాప్రేయసులు రాజ్యమేలుచున్న కాలమున ఆ కవి మద్రాసు మహానగర వీధులను, రాత్రివేళ దీపములను, దేహవాంఛలను దాపరికము లేక పద్యవస్తువుగా గ్రహించెను. పద్యము నడుము విరుగగొట్టుదుననియు, చిన్నయసూరి వ్యాకరణమునకు శిక్ష విధింతుననియు అందు బాహాటముగా ప్రకటించెను. ఆ వ్యాకరణమునే ఇంచుమించుగా పాటించుచు ఆయనను గూర్చి వ్యాసము వ్రాయుట చూచినచో ఆయన తప్పక నవ్వియుండును.

పెద్దలు కోపించిరి, యువకులు సంతోషించిరి. కాని నాడు పలువురు గమనింపని విషయ మొకటి కలదు. ఛందస్సును కాదనిన ఆ కవి శబ్దమును కాదనలేదు. ప్రాసలు, శ్లేషలు, మాటను విరిచి అందుండి మరియొక మాటను పుట్టించు చమత్కారములు ఆయన పుటలలో అడుగడుగున కనిపించును. చెవి నెరిగినవాడే ఛందస్సును విడిచి నడువగలడు. పాతదానిలో దేనిని విడువవలెనో తెలియుట ప్రయోగమునకు సగము. దేనిని విడువరాదో తెలియుట తక్కిన సగము. పఠాభి కవిత్వమునకే కాక, ముప్పది సంవత్సరముల పిమ్మట ఆయన తీసిన చిత్రమునకు గూడ ఇదియే తాళపుచెవి.

కవి మద్రాసు చిత్రపరిశ్రమలో ప్రవేశించినప్పుడు ప్రయోగములతో ప్రవేశింపలేదు. 'పాతాళభైరవి', 'మాయాబజార్' చిత్రములతో అఖండ కీర్తి గడించిన కె. వి. రెడ్డి దర్శకత్వమున జయంతి పిక్చర్సు సంస్థ తీసిన చిత్రముల నిర్మాణమున ఆయన పాలుపంచుకొనెను. 1958లో 'పెళ్ళినాటి ప్రమాణాలు', 1963లో 'శ్రీకృష్ణార్జున యుద్ధము', 1968లో 'భాగ్యచక్రము' వెలువడెను. వీనిలో రెండవదాన నందమూరి తారక రామారావు శ్రీకృష్ణుడుగను, అక్కినేని నాగేశ్వరరావు అర్జునుడుగను నటించిరి. ఇద్దరు మహానటులు, కన్నుల పండువైన సెట్టింగులు, పాటలు, పద్యములు, హాస్యము: నాటి తెలుగు ప్రేక్షకుడు కోరినవన్నియు అందు సమృద్ధిగా కలవు.

కె. వి. రెడ్డి స్క్రిప్టు ముగియనిదే చిత్రీకరణ మారంభింపని దర్శకుడు. ప్రతి దృశ్యమును ముందుగనే కొలిచి, లెక్కించి తీయువాడని పేరు పొందెను. అట్టి పనివానిచెంత పది సంవత్సరములు గడిపిన పఠాభికి చిత్రకళ యొక్క వ్యాకరణ మంతయు తెలియును. తెలియక విడిచినవాడు కాడు, తెలిసియే విడిచినవాడు.

ఆ మార్పునకు కారణములు రెండు. మొదటిది రామమనోహర లోహియా స్నేహము. కులవ్యవస్థను నిర్మూలింపక ఈ దేశమున సమత సాధ్యము కాదని బోధించిన ఆ సోషలిస్టు నాయకుని ప్రభావము పఠాభిపైనను, ఆయన భార్య స్నేహలతారెడ్డిపైనను గాఢముగా పడెను. లోహియా 1967 అక్టోబరు 12న మరణించెను. పఠాభి తన స్వంత చిత్రసంస్థకు 'రామమనోహర చిత్ర' యని పేరిడెను. రెండవది నాటకరంగము. స్నేహలత ప్రతిభావంతురాలైన నటి. మద్రాసులో ఇంగ్లీషు నాటకము లాడుచుండిన 'మద్రాస్ ప్లేయర్స్' బృందమునకు ఆమె స్థాపకులలో ఒకరు. నాడు మద్రాసులో పుస్తక ప్రచురణ సంస్థలో ఉద్యోగము చేయుచుండిన యువ నాటకకర్త గిరీశ్ కర్నాడ్ ఆ బృందమునకు చెందినవాడు. 1965లో వెలువడి కన్నడదేశమును కలచివేసిన యు. ఆర్. అనంతమూర్తి నవల 'సంస్కార' వీరి చేతికి చిక్కెను.

ఆ నవలలోని కథ పైకి చిన్నది. దుర్వాసపురమను మాధ్వబ్రాహ్మణుల అగ్రహారము. అందు నారణప్ప యనువాడు ఆచారములను ధిక్కరించి, మాంసము తిని, మద్యము త్రాగి, చంద్రి యను తక్కువ కులపు స్త్రీతో కాపురము చేసెను. ఊరివారు వానిని వెలివేయలేకపోయిరి. వెలివేసినచో వాడు మతము మారి అచటనే నివసించునేమోయని వారి భయము. ఒకనాడు వాడు జ్వరముతో మరణించెను. కర్మ చేయువా రెవరు? చేసినవాడు మైలపడును. చేయనిచో శవము లేవదు. శవము లేవనిదే అగ్రహారమున అన్నము వండరాదు. చంద్రి తన నగలను తెచ్చి ముందుంచగానే, అంతవరకు వలదనినవారికి ఆశ పుట్టెను.

సకల శాస్త్రములు చదివిన ప్రాణేశాచార్యుడు గ్రంథములలో వెదకెను, సమాధానము దొరకలేదు. మారుతి ఆలయమున ప్రార్థించెను, దేవుడు పలుకలేదు. తిరిగి వచ్చుచు అడవిలో చీకటివేళ చంద్రితో కలిసి, తాను నమ్మిన జీవితము ఒక్క రాత్రిలో తలక్రిందులగుట చూచెను. శవమునకు చంద్రియే ఒక మహమ్మదీయుని సాయముతో రహస్యముగా దహనము చేయించెను. ఊరిలో ఎలుకలు చచ్చుచుండెను; వచ్చినది ప్లేగు. శాస్త్రచర్చ సాగుచుండగా మృత్యువు ఇంటింటికి నడచుచుండెను. 'సంస్కార' యను మాటకు అంత్యక్రియ, నాగరికత, శుద్ధి, పూర్వవాసన యను అర్థము లన్నియు కలవు. కథ ఆ అర్థములను ఒకదానితో ఒకటి ఢీకొట్టించును.

ఇట్టి కథను చలనచిత్రముగా తీయదలచినవాడు తొలుత ఎన్ని విడువవలసియుండెనో ఊహింపవచ్చును. పఠాభి స్టూడియోను విడిచెను. శృంగేరి సమీపమందలి వైకుంఠపుర గ్రామమునందే చిత్రీకరణ జరిపెను. రంగులను విడిచెను, చిత్రము నలుపు తెలుపులలో సాగును. తారలను విడిచెను; ప్రాణేశాచార్యుడుగా గిరీశ్ కర్నాడ్, నారణప్పగా కన్నడ రచయిత పి. లంకేశ్, చంద్రిగా స్నేహలత నటించిరి. పాటలను విడిచెను, సరోద్ విద్వాంసుడైన రాజీవ్ తారానాథ్ సంగీతము అవసరమగుచోట మాత్రము వినిపించును. చిత్రానువాదము కర్నాడ్ వ్రాసెను. ఛాయాగ్రహణము ఆస్ట్రేలియా దేశస్థుడగు టామ్ కోవన్ నిర్వహించెను. కూర్పు స్టీవెన్ కార్టా చేసెను. కళాదర్శకత్వము చోళమండల చిత్రకారుడైన ఎస్. జి. వాసుదేవ్ వహించెను. తెలుగు దర్శకుడు, కన్నడ నవల, ఆస్ట్రేలియా ఛాయాగ్రాహకుడు: ఈ కలయికయే నాటికి క్రొత్త.

విడువనివి ఏవి? మొదటిది కథకు గల నైతికమైన బిగువు. ఆచార్యుని సంశయమును సులభము చేయుటకు హాస్యపాత్రను గాని, న్యాయము చెప్పు ధర్మకర్తను గాని దర్శకుడు ప్రవేశపెట్టలేదు. ఎవరు దోషియో ప్రేక్షకునికి చెప్పలేదు. రెండవది స్థలము. రాతి మెట్లు, పెంకుటిండ్ల వరుస, పొరుగు ఇంటి గడపనుండి ఎల్లప్పుడును చూచుచుండు కన్నులు, ఊరిని ఆవరించిన అడవి: ఇవి అలంకారములు గాక కథలో పాత్రలైనవి. పొరుగువాని చూపునకు వెరచు సమాజమును గూర్చిన కథకు సెట్టింగు చాలదు. నిజమైన వీధి కావలెను. మూడవది మౌనము. మాట ఆగినచోట చిత్రము సాగును. శాస్త్రము మూగవోవుటయే కథావస్తువైనప్పుడు, మౌనముకంటె తగిన సంగీతము వేరొండు లేదు. ముప్పది సంవత్సరముల క్రింద ఛందస్సును విడిచి శబ్దమును నిలుపుకొనిన కవి, ఇచట వినోదమును విడిచి దృశ్యమును నిలుపుకొనెను.

చిత్రము 1970లో పూర్తియయ్యెను. మద్రాసు సెన్సారు వారు అనుమతి నిరాకరించిరి. కులముల నడుమ కలతలు రేగునని వారి భయము. దర్శకుడును మిత్రులును పట్టువిడువలేదు. విషయము ఢిల్లీకి పోయి, సమాచార ప్రసార మంత్రిత్వశాఖవారు నిషేధమును తొలగించిరి. పిమ్మట ఆ సంవత్సరపు ఉత్తమ భారతీయ కథాచిత్రముగా 'సంస్కార'కు రాష్ట్రపతి స్వర్ణపతకము లభించెను. కన్నడ చిత్ర మొకటి ఆ గౌరవము పొందుట అదియే ప్రథమము. ఒక కచేరీ వలదనిన దానికే మరియొక కచేరీ పతక మిచ్చినది. దస్త్రముల నడక ఎరిగినవారికి ఇది మిక్కిలి వింతగా తోపదు.

అటుపిమ్మట కన్నడమున నవ్యచిత్రముల వరుస సాగెను. 1971లో 'వంశవృక్ష', 1973లో 'కాడు', 1975లో 'చోమన దుడి', 1977లో 'ఘటశ్రాద్ధ' వచ్చినవి. ఆ ద్వారమును తెరచిన చేయి తెలుగువానిది.

ఇచట విమర్శకు లొక ప్రశ్న వేయుదురు. నవల అనంతమూర్తిది, చిత్రానువాదము కర్నాడ్‌ది, కెమెరా కోవన్‌ది. మరి పఠాభి చేసిన దేమి? ఇది తోసివేయదగిన ప్రశ్న కాదు. 'సంస్కార' ఒక్కని సృష్టి యని చెప్పుట సత్యము కాదు. కాని ఏబదియొక యేండ్ల వయస్సున, లాభము తెచ్చు మార్గమును బాగుగ ఎరిగిన నిర్మాత యొకడు, నష్టము తప్పదని తెలిసిన మార్గమున ఇందరు ప్రజ్ఞావంతులను ఒకచోట చేర్చి, ఎవరి పనికిని అడ్డుపడక, ఏ దశలోను బెదరక నిలుచుట సామాన్య విషయము కాదు. స్వతంత్ర చిత్రమున దర్శకుని శైలి కెమెరా కోణమునందే యుండనక్కరలేదు. ఎవరిని పిలువవలెను, దేనికి లొంగరాదు అను నిర్ణయములందును ఉండును.

పఠాభి రెండవ చిత్రము 'చండమారుత' 1977లో వెలువడెను. దానికి ఆధారము లంకేశ్ నాటకము 'క్రాంతి బంతు క్రాంతి'. విప్లవ మనిన మాటను నాలుకపై ఆడించు మధ్యతరగతివారిని ఆ నాటకము పరిహసించును. కాని ఆ చిత్రపు పేరు దర్శకుని ఇంటిమీదనే విసరిన గాలి పేరైనది.

1975 జూన్ 25న దేశమున అత్యవసర పరిస్థితి ప్రకటింపబడెను. లోహియా అనుచరులైన పఠాభి దంపతులు జార్జి ఫెర్నాండెజ్‌కు మిత్రులు. 1976 మే నెలలో స్నేహలత బరోడా డైనమైటు కేసునకు సంబంధించి నిర్బంధింపబడి, మీసా చట్టము క్రింద బెంగుళూరు కేంద్ర కారాగారమున ఉంచబడెను. ఆమె తీవ్రమైన ఉబ్బసవ్యాధి కలది. ఆ కేసులో తుదకు దాఖలైన అభియోగపత్రమునందు ఆమె పేరు లేదు; అయినను నిర్బంధము సుమారు ఎనిమిది నెలలు సాగెను. అదే చెరసాలలో ఉండిన పార్లమెంటు సభ్యుడు మధు దండావతే, రాత్రి నిశ్శబ్దములో ఆమె ఆక్రందనములు తనకు వినవచ్చెడివని తరువాత వ్రాసెను. ఆ స్థితిలో సైతము ఆమె తోటి స్త్రీ ఖైదీలకు జరుగు అన్యాయములను ప్రతిఘటించెను, దినచర్య వ్రాసికొనెను. ఆరోగ్యము పూర్తిగా క్షీణించిన పిమ్మట 1977 జనవరి 15న పెరోలుపై విడుదలయై, 20వ తేదీన మరణించెను. రెండు నెలల తరువాత, మార్చి 21న, అత్యవసర పరిస్థితి తొలగింపబడెను. ఆమె కారాగార దినచర్య ఆ సంవత్సరమే పుస్తకముగా వెలువడెను.

ఈ ద్వీపముల తెలుగువారికి ఈ ఘట్టమును వివరింప పనిలేదు. చిరకాలము పోర్టు బ్లెయిరు అనబడి 2024లో శ్రీ విజయపురమని పేరు మారిన పట్టణమున, 1906లో పూర్తియైన సెల్యులార్ జైలు నేటికిని నిలిచియున్నది. నడుమ గోపురము, దాని చుట్టును ఏడు శాఖలు; వానిలో మిగిలినవి మూడు. ఒక ఖైదీ ముఖము మరియొక ఖైదీకి కనబడకుండ, ఒక శాఖ ముందుభాగము రెండవదాని వెనుకభాగమును చూచునట్లు దానిని కట్టిరి. మనుజుని గొంతు మరియొక మనుజునికి చేరకుండ చేయుటయే చెరసాల ఉద్దేశమైనచో, ఆ గొంతును చేర్చుటయే కళకు గల ఉద్దేశము. చంద్రి పాత్రలో తక్కువ మాటలు పలికిన నటి, చెరసాలలో కాగితముపై తన మాటను మిగిల్చిపోయెను.

పఠాభి ఆ వియోగమును ఇరువదితొమ్మిది సంవత్సరములు మోసెను. కవిత్వమును విడువలేదు, 'కయిత నా దయిత', 'పఠాభి పన్‌చాంగం' అను పేర్లే ఆయన శబ్దచాపల్యము తగ్గలేదని చాటును. 1984లో 'శృంగార మాస', 1993లో 'దేవర కాడు' అను చిత్రములు తీసెను. 'దేవర కాడు' అనగా దేవుని అడవి. ఊరివారు దేవతకు విడిచి గొడ్డలి తాకనీయక కాపాడుకొను వనములకు కొడగు ప్రాంతమున ఆ పేరు కలదు. అడవి నడుమ బ్రదుకు ఈ ద్వీపవాసులకు ఆ చిత్రవిషయము దూరమైనది కాదు. ఈ తరువాతి చిత్రములేవియు 'సంస్కార' అందుకొనిన ఎత్తును అందుకొనలేదని ఒప్పుకొనవలెను. ఇరువదిమూడు సంవత్సరములలో నాలుగే చిత్రములు. సంఖ్య చిన్నది, కాని ఏ ఒక్కటియు మార్కెట్టు వేసిన కొలతకు కత్తిరించినది కాదు. 2006 మే 6న ఆయన బెంగుళూరులో కన్నుమూసెను.

తుదకు మొదటి ప్రశ్నకే రావలెను. పఠాభి కన్నడమునకు పోవుట తెలుగునకు నష్టమా? ఆ చిత్రము తెలుగున రాలేదన్నది నిజము. మద్రాసు తెలుగు పరిశ్రమ నాడు విస్తారమైనది, ధనవంతమైనది. అందుచేతనే పాటలు లేని చిత్రమునకు అందు చోటు దొరకుట కష్టము. ఆ బాధ్యత పరిశ్రమదే గాక ప్రేక్షకులది గూడ.

కాని లెక్క అంతటితో ముగియదు. 1977లో తెలుగున 'ఒక ఊరి కథ' వచ్చెను. దర్శకుడు బెంగాలీవాడైన మృణాల్ సేన్, మూలకథ ప్రేంచందుది. తెలంగాణ రైతుల సాయుధపోరాటమును చిత్రించిన 'మా భూమి' 1979లో తయారయ్యెను, నిర్మాత బి. నరసింగరావు, దర్శకుడు బెంగాలీవాడైన గౌతమ్ ఘోష్, మూలము కిషన్ చందర్ ఉర్దూ నవల. ఆ అనుభవముతో నరసింగరావు తానే దర్శకుడై 1983లో 'రంగుల కల', 1988లో 'దాసి' తీసి తెలుగు నవ్యచిత్రమునకు స్వంత కంఠ మిచ్చెను. తెలుగువాడు కన్నడమునకు ద్వారము తెరచెను. బెంగాలీలు వచ్చి తెలుగునకు తెరచిరి. భాషల నడుమ ఇట్టి ఋణములు కలవు. అవి ఇచ్చినచోటనే తిరిగిరావు. వేరొక దారిని వచ్చును.

పఠాభి తెలుగును విడిచి కన్నడమునకు పోలేదు. తెలుగు కవిత్వమున నేర్చిన ధైర్యమును వెంట గొనిపోయెను. 1939లో ఛందస్సు నెదిరించిన యువకుడు లేనిచో 1970లో సెన్సారు నెదిరించిన దర్శకుడు లేడు. బెంగాలీ ఇరుగున, తమిళము పొరుగున పెట్టుకొని ఈ ద్వీపములలో పెరుగు తెలుగు బిడ్డ ఏ భాషలో పనిచేయునో ముందుగా చెప్పుట ఎవరికిని సాధ్యము కాదు. ఇంటినుండి ఏమి తీసికొనిపోవునన్నది మాత్రము ఇంటివారి చేతిలో నున్నది.